తాను ఎంచుకున్న బాట

పాఠ్యభాగ ఉద్దేశం

నటన అనేది కేవలం వినోదం కోసం చేసే పని కాదనీ, అది జీవితకాలపు సాధనను కోరే విద్య అనీ విద్యార్థులకు తెలియజేయటం ఈ పాఠం ఉద్దేశం. నాయిక పాత్రలకంటె చిన్న పాత్రలలోనే ఎక్కువగా కనిపించి, ప్రపంచ చలనచిత్ర చరిత్రలో స్థానం సంపాదించిన ఒక జపాను నటీమణి జీవితం ఇందుకు చక్కని ఉదాహరణ.

ప్రవేశిక

ప్రస్తుత పాఠ్యాంశం జీవిత చరిత్రాత్మక వ్యాస ప్రక్రియకు చెందినది. ఇరవయ్యో శతాబ్దపు జపాను రంగస్థలానికి మూలస్తంభం వంటి సుగిమురా హరుకో కళాజీవితాన్ని ఇది పరిచయం చేస్తుంది. జపానీయులు మన తెలుగువారివలెనే ఇంటిపేరును ముందు, పేరును తరువాత చెబుతారు. కాబట్టి ఈ పాఠంలో జపానీయుల పేర్లన్నీ ఆ క్రమంలోనే ఉన్నాయి. 'సుగిమురా' ఆమె రంగస్థలం కోసం స్వీకరించిన ఇంటిపేరు.

పాఠం

1945 ఏప్రిల్ మాసం. జపాను రాజధాని టోక్యో నగరం బాంబుదాడులతో తల్లడిల్లుతున్నది. అంతకు నెల రోజుల ముందు, మార్చి 9, 10 తేదీల నడిమి రాత్రి కురిసిన అగ్నివర్షంలో నగరపు తూర్పు ప్రాంతం బూడిదకుప్ప అయింది. ఆ ఒక్క రాత్రి దాదాపు లక్షమంది అసువులు బాసారు. నాటకశాలలు అనేకం కాలిపోయాయి. మిగిలినవాటిలో కొన్ని మూతపడ్డాయి. అటువంటి రోజులలో షిబుయా ప్రాంతంలోని ఒక ప్రదర్శనశాలలో కొత్త నాటకానికి తెర లేచింది. ఆ నాటకం పేరు 'ఒన్నా నో ఇష్షో', అంటే 'ఒక స్త్రీ జీవితం'. రేపు ఉంటామో లేదో తెలియని ప్రజలు నాటకం చూడటానికి వచ్చారు. సైరను మోగితే ఆట ఆపి తలదాచుకోవలసిన ఆ పరిస్థితిలో, 39 సంవత్సరాల నటి ఒకరు అనాథ బాలిక వేషంలో రంగప్రవేశం చేశారు. ఆ నటీమణియే సుగిమురా హరుకో. ఆనాడు కొద్ది రోజులు మాత్రమే ఆడిన ఆ నాటకంలోని ఆ పాత్రను ఆమె 1990 వరకు, మొత్తం 947 పర్యాయాలు ధరించారు.

హరుకో 1906 జనవరి 6వ తేదీన హిరోషిమా నగరంలో జన్మించారు. పసితనంలోనే తల్లిదండ్రులను కోల్పోగా, నకానో అనే ఇంటిపేరు గల కలప వ్యాపారి కుటుంబం ఆమెను దత్తత తీసుకొని పెంచింది. ఆ ఇంట సంపదకు కొదవ లేదు. నాటకాలంటే అభిరుచి కూడ ఉన్నది. నగరానికి ఏ నాటక సమాజం వచ్చినా బాలిక హరుకో ప్రేక్షకులలో ఉండేది. జపాను సంప్రదాయ నాటకమైన కబుకీని, బొమ్మలాటను చూస్తూ ఆమె పెరిగింది. రంగస్థలం మీది వెలుగులు ఆ పసి హృదయంలో చెరగని ముద్ర వేశాయి.

అయినా ఆమె మొదట కోరుకున్నది నటి కావాలని కాదు, గాయని కావాలని. టోక్యో సంగీత పాఠశాలలో ప్రవేశం కోసం రెండుసార్లు పరీక్ష రాశారు. రెండుసార్లూ ఉత్తీర్ణత లభించలేదు. నిరాశతో స్వస్థలానికి తిరిగివచ్చి ఒక బాలికా విద్యాలయంలో సంగీతం నేర్పసాగారు. ఇరవై ఏండ్ల వయస్సులో, గౌరవప్రదమైన ఉద్యోగంలో, ఆమె జీవితం ఒక దరికి చేరినట్లే కనిపించింది. 1927లో 'త్సుకిజి చిన్న నాటకశాల' అనే సమాజం హిరోషిమాకు వచ్చి నాటకాలు ప్రదర్శించింది. ఆ ప్రదర్శన చూసిన హరుకో ఉద్యోగాన్ని వదలి టోక్యోకు పయనమయ్యారు.

ఆ నిర్ణయంలోని సాహసం మనకు అర్థం కావాలంటే జపాను రంగస్థల చరిత్రను కొంత తెలుసుకోవాలి. కబుకీ నాటకానికి ఆద్యురాలు ఒక స్త్రీయే. 17వ శతాబ్దపు ఆరంభంలో ఒకుని అనే నర్తకి క్యోటో నగరంలో ఆడిన ఆటలనుండి ఆ కళారూపం పుట్టింది. కాని 1629లో ప్రభుత్వం స్త్రీలు రంగస్థలం ఎక్కరాదని నిషేధించింది. ఆ తరువాత రెండు శతాబ్దాలకు పైగా స్త్రీ పాత్రలను పురుషులే ధరించారు. వారిని 'ఒన్నగాతా' అంటారు. తెలుగు నాటకరంగంలో స్త్రీ పాత్రలను పురుషులు పోషించిన కాలాన్ని గురించి విన్నవారికి ఇది వింతగా తోచదు. 19వ శతాబ్దం చివరలో నిషేధం తొలగినా, స్త్రీలు నటించటం సమాజానికి వెంటనే రుచించలేదు. 1911లో ఇబ్సెన్ రచించిన 'బొమ్మరిల్లు' నాటకంలో నోరా పాత్రను ధరించి మత్సుయి సుమాకో అనే నటి సంచలనం కలిగించారు. చలనచిత్రాలలోనైతే 1920 ప్రాంతం వరకు కూడ పురుషులే స్త్రీ వేషాలు వేసేవారు. అందువలన 1927లో ఒక యువతి ఉపాధ్యాయ వృత్తిని వదలి నటిని అవుతాననటం చిన్న విషయం కాదు.

పాశ్చాత్య నాటకాల ప్రభావంతో పుట్టిన ఆధునిక నాటకాన్ని జపానులో 'షింగేకి' అన్నారు. ఆ మాటకు 'కొత్త నాటకం' అని అర్థం. 1923లో సంభవించిన మహా భూకంపం టోక్యోను నేలమట్టం చేసిన తరువాత, మరుసటి సంవత్సరమే ఒసనాయి కఓరు, హిజికతా యోషి అనే ఇద్దరు దర్శకులు షింగేకి కోసం త్సుకిజి చిన్న నాటకశాలను నెలకొల్పారు. చెహోవ్, ఇబ్సెన్, గోర్కీ వంటి మహా రచయితల నాటకాలు అక్కడ ప్రదర్శితమయ్యేవి. ఆ సమాజంలో చేరిన హరుకోకు మొట్టమొదట ఎదురైన అడ్డంకి ఆమె నాలుకమీదనే ఉన్నది. ఆమె మాటలో హిరోషిమా యాస గాఢంగా ఉండేది. షింగేకికి కావలసినది టోక్యో నాగరిక భాష. కనుక ఆమెకు మొదట లభించినది ఆర్గన్ వాయించే చిన్న వేషం మాత్రమే. గాయని కావాలని చేసిన సంగీత సాధన ఆ విధంగా ఆమెను రంగస్థలం మీద నిలబెట్టింది. ఆ తరువాత ఆమె తన ఉచ్చారణను పట్టుదలతో దిద్దుకున్నారు. కాలక్రమంలో జపాను రంగస్థలం మీద మాట పలకటంలో ఆమెకు సాటి లేరని పేరు పొందారు.

1928లో ఒసనాయి మరణించగా మరుసటి సంవత్సరం సమాజం చీలిపోయింది. అనంతరం హరుకో, తొమోదా క్యోసుకే, తమురా అకికో అనే నట దంపతులు 1932లో ప్రారంభించిన త్సుకిజిజా అనే సమాజంలో పనిచేశారు. 1937లో కిషిదా కునియో, కుబోతా మంతారో, ఇవాతా తొయోఓ అనే ముగ్గురు సాహితీవేత్తలు 'బుంగకుజా' అనే కొత్త సమాజాన్ని స్థాపించారు. ఆ మాటకు 'సాహిత్య రంగస్థలి' అని అర్థం. రాజకీయ ప్రచారానికి దూరంగా, ఉత్తమ సాహిత్యాన్ని ప్రదర్శించటం వారి ఆశయం. తొమోదా దంపతులు దానికి ప్రధాన నటులు కావలసి ఉన్నది. కాని అదే సంవత్సరం చైనాతో యుద్ధం మొదలైంది. సైన్యంలోకి పిలుపు వచ్చిన తొమోదా కొద్ది వారాలకే షాంఘై సమీపంలో మరణించారు. ఆయన భార్య సమాజానికి దూరమయ్యారు. ఆ లోటును పూరించవలసిన బాధ్యత హరుకో భుజాలమీద పడింది. నాడు ఎత్తుకున్న ఆ బరువును ఆమె అరవై సంవత్సరాలు దించలేదు.

'ఒక స్త్రీ జీవితం' నాటకాన్ని రచించినవారు మొరిమోతో కఓరు అనే యువ నాటకకర్త. అందులో కథానాయిక కెయి అనాథ. 1905లో రష్యాపై విజయం సాధించిన సంబరాలతో ఊరంతా కోలాహలంగా ఉన్న రాత్రి, బంధువుల ఇంట నిలువలేక బయటికి వచ్చిన ఆ బాలిక, చైనాతో వర్తకం చేసే త్సుత్సుమి వారి ఇంటిలోనికి అడుగుపెడుతుంది. వారు ఆమెను పనిపిల్లగా చేర్చుకుంటారు. ఆ ఇంటి రెండవ కుమారుడు ఎయిజీపై ఆమెకు అనురాగం కలుగుతుంది. కాని ఆమె తెలివితేటలను గుర్తించిన యజమానురాలు, వ్యాపార దక్షత లేని పెద్ద కుమారుని వివాహమాడి ఇంటిని నిలబెట్టమని అడుగుతుంది. కెయి తన ప్రేమను మనసులోనే అణచుకొని అందుకు అంగీకరిస్తుంది. వ్యాపారం వర్ధిల్లుతుంది. కాని భర్త దూరమవుతాడు, కుమార్తె దూరమవుతుంది. చివరకు విప్లవకారుడైన ఎయిజీ తన ఇంటికి వస్తే, అతడు పోలీసుల చేతికి చిక్కటానికి కూడ ఆమె కారణమవుతుంది. నలభై సంవత్సరాల తరువాత, యుద్ధంలో కాలిపోయిన ఇంటి శిథిలాల నడుమ వారిద్దరూ మళ్ళీ కలుసుకుంటారు. ఎవరో నిర్ణయించిన దారి కాదు, తాను ఎంచుకున్న దారియే కాబట్టి దాని మంచిచెడులకు తానే బాధ్యురాలనని భావించే స్త్రీ కెయి.

ఈ నాటక చరిత్రలో ఆలోచింపదగిన అంశం ఒకటి ఉన్నది. ఇది మొదట యుద్ధకాలంలో, ప్రభుత్వ విధానాలకు అనుకూలమైన ఒక సాహిత్య సంస్థ కోరిక మేరకు రచించిన నాటకం. యుద్ధం ముగిసిన తరువాత మొరిమోతో ఆరంభాన్ని, ముగింపును మార్చి రాశారు. పైన చెప్పిన శిథిలాల దృశ్యం ఆ మార్పు ఫలితమే. 1960లో షింగేకి బృందం చైనాలో పర్యటించినపుడు, ఏ దేశంతో జపాను యుద్ధం చేసిందో ఆ దేశపు ప్రేక్షకుల ముందు ఆడవలసి వచ్చినందున మరికొన్ని మార్పులు జరిగాయి. కాలం మారినకొద్దీ నాటకం మారింది. మారనిది కెయి పాత్ర, ఆ పాత్రలోని హరుకో. ఒక కళాకృతి తాను పుట్టిన కాలపు మచ్చను ఎంతవరకు తుడుచుకోగలదు అనే ప్రశ్నకు ఇది సులభమైన సమాధానం ఇవ్వదు. కాని యుద్ధంలో సర్వస్వం కోల్పోయిన లక్షలాది స్త్రీలు కెయిలో తమను తాము చూసుకున్నారన్నది సత్యం.

1945 ఆగస్టు 6వ తేదీన హరుకో జన్మస్థలమైన హిరోషిమాపై అణుబాంబు పడింది. ఆమె బాల్యంలో చూసిన నగరం క్షణాలలో మాయమైంది. అంతకు ముందే, 1942లో ఆమె భర్త క్షయవ్యాధితో మరణించారు. నాటకకర్త మొరిమోతో కూడ అదే వ్యాధితో 1946 అక్టోబరులో, 34 ఏండ్ల వయస్సులో కన్నుమూశారు. హరుకోకు ఆయన నాటకకర్త మాత్రమే కాదు, ఆత్మీయుడు కూడ. తన కోసం ఆయన సృష్టించిన పాత్రను వందలాది పర్యాయాలు ధరించటమే ఆమె ఆయనకు అర్పించిన నివాళి అయింది.

హరుకో రంగస్థలంపై ధరించిన పాత్రల వైవిధ్యం ఆశ్చర్యం కలిగిస్తుంది. అమెరికన్ నాటకకర్త టెనెసీ విలియమ్స్ రచించిన 'ఎ స్ట్రీట్‌కార్ నేమ్డ్ డిజైర్' నాటకంలో, ఊహాలోకంలో బ్రతికే బ్లాంచ్ పాత్రను ఆమె 1953లో పోషించారు. 1956లో మిషిమా యుకియో రచించిన 'రొకుమెయికాన్' నాటకంలో ఒక ప్రభువుగారి భార్య అసాకోగా ప్రేక్షకులను అలరించారు. మత్తుమందు ఇచ్చి శస్త్రచికిత్స చేసిన హనఓకా సెయిషూ అనే జపాను వైద్యుని ఇంటి కథలో, కుమారుని ప్రయోగాలకు తన దేహాన్ని అర్పించటంలో కోడలితో పోటీపడే అత్తగారి పాత్ర కూడ ఆమెకు కీర్తి తెచ్చింది.

ఇక చలనచిత్రాలకు వస్తే, అక్కడ ఆమె స్థానం వేరు. రంగస్థలంపై ఆమె నాయిక. వెండితెరపై ఆమె సాధారణంగా మేనత్త, పొరుగింటి ఇల్లాలు, వడ్డీవ్యాపారి, గయ్యాళి కుమార్తె. 1940లో టొయోదా షిరో దర్శకత్వంలో వచ్చిన 'కొజిమా నో హరు' అనే చిత్రంలో ఆమె కుష్ఠురోగి పాత్రను ధరించారు. చిన్న పాత్రయే అయినా, అది చూసిన తకమినే హిదేకో అనే యువ తార దిగ్భ్రాంతి చెందింది. బాలనటిగా ఎన్నో చిత్రాలలో కనిపించిన ఆమె, నటన అంటే ఏమిటో ఆనాడే తెలిసిందనీ, అప్పటినుండి తన వృత్తిని మనస్ఫూర్తిగా స్వీకరించాననీ తరువాతి కాలంలో తన ఆత్మకథలో చెప్పుకున్నారు. వారిద్దరూ 1956లో నరుసే మికిఓ తీసిన 'నగరెరు' చిత్రంలో కలసి నటించారు.

యుద్ధానంతరం వచ్చిన చిత్రాలలో ఆమె పోషించిన తల్లి పాత్రలు చిరస్మరణీయాలు. 1946లో కినోషితా కెయిసుకే తీసిన 'ఒసోనె వారి ఉదయం' చిత్రంలో యుద్ధం వలన బిడ్డలను కోల్పోయిన తల్లిగా నటించారు. అదే సంవత్సరం కురొసావా అకిరా తీసిన 'మా యవ్వనానికి పశ్చాత్తాపం లేదు' అనే చిత్రంలో, దేశద్రోహి తల్లి అని ఊరంతా వెలివేసిన పేద రైతు స్త్రీగా కనిపించారు. దాదాపు ఇరవై ఏండ్ల తరువాత, 1965లో కురొసావా తీసిన 'అకహిగె' చిత్రంలో ఆమెది వేశ్యాగృహం నడిపే స్త్రీ పాత్ర. రోగపీడితయైన బాలికను మళ్ళీ తీసుకుపోవటానికి వచ్చిన ఆమెను వైద్యశాల వంటింటి స్త్రీలు ముల్లంగి దుంపలతో కొట్టి తరుముతారు. రంగస్థలంపై మహారాణివలె వెలిగిన నటి, ముల్లంగి దెబ్బలు తినే వేషాన్ని కూడ అంతే శ్రద్ధతో ధరించటం గమనింపదగినది.

ఆమె నటనను ప్రపంచానికి చాటినవారు దర్శకుడు ఒజు యసుజిరో. ఆయన తీసిన తొమ్మిది చిత్రాలలో హరుకో నటించారు. 1949 నాటి 'బన్షున్' లో ఆమె కథానాయిక మేనత్త. దేవాలయ ప్రాంగణంలో దొరికిన డబ్బుసంచిని శుభశకునమని చెప్పి ఒడిలో దాచుకుంటుంది. పోలీసు కనిపించగానే చకచక మెట్లెక్కుతుంది. వివాహం రోజున ఇల్లు వదిలివెళ్ళే ముందు, ఏదైనా మరచిపోయామేమోనని ఖాళీ గదిలో ఒక చుట్టు తిరుగుతుంది. మాట ఒక్కటీ లేదు. కాని పెండ్లి జరుగుతున్న ఇంటి పెద్ద ముత్తైదువ హడావుడి అంతా ఆ ఒక్క చుట్టులో ఉన్నది. 1951 నాటి 'బకుషూ' లో ఆమె పొరుగింటి తల్లి. తన కుమారునికి నువ్వు భార్యవైతే ఎంత బాగుండేదో అని నోరుజారి అంటుంది. ఆ యువతి సరేనని అంటుంది. తన చెవులను తానే నమ్మలేని ఆ తల్లి ఆనందంతో ఏమి చేయాలో తోచక, చిక్కుళ్ళ తీపిముద్ద కూరిన బన్ను తింటావా అని అడుగుతుంది. నవ్వు, కన్నీరు ఒకేసారి తెప్పించే దృశ్యం అది.

1953లో వచ్చిన 'టోక్యో మొనొగతారి', అంటే 'టోక్యో కథ', ఈనాడు ప్రపంచపు అత్యుత్తమ చిత్రాలలో ఒకటిగా పరిగణింపబడుతున్నది. 2012లో ఒక ప్రసిద్ధ బ్రిటిష్ పత్రిక ప్రపంచ దర్శకుల అభిప్రాయాలను సేకరించినపుడు దానికి ప్రథమ స్థానం లభించింది. హిరోషిమా మండలంలోని ఒనోమిచి పట్టణంనుండి వృద్ధ దంపతులు టోక్యోలోని తమ బిడ్డలను చూడటానికి వస్తారు. పెద్ద కుమార్తె షిగె ఇంటిలోనే కేశాలంకరణశాల నడుపుతుంటుంది. ఆ పాత్ర హరుకోది. భర్త అత్తమామల కోసం ఖరీదైన మిఠాయిలు తెస్తే అంత ఖర్చెందుకని విసుక్కుంటుంది. వచ్చినవారెవరని ఖాతాదారు అడిగితే, పల్లెటూరినుండి వచ్చిన తెలిసినవారని బదులిస్తుంది. తల్లికి జబ్బుగా ఉన్నదని కబురు రాగానే, మైలదుస్తులు కూడ తీసుకుపోదామని అంటుంది. తల్లి మరణించినపుడు వెక్కి వెక్కి ఏడుస్తుంది. ఆ ఏడ్పు నిజమైనదే. కాని అంత్యక్రియలు ముగిసి భోజనానికి కూర్చున్న కాసేపటికే, అమ్మ నడికట్టు, ఫలానా కిమోనో జ్ఞాపకంగా తనకు కావాలంటుంది.

ఇతర నటి ఎవరైనా షిగెను దుష్టురాలిగా చూపేవారేమో! హరుకో అట్లా చేయలేదు. షిగె చెడ్డది కాదు. ఆమెకు తీరిక లేదు. పని ఉన్నది, ఇరుకు ఇల్లు ఉన్నది, లెక్క చూసుకోవలసిన డబ్బు ఉన్నది. తల్లిపై ప్రేమ లేదని అనలేము. ఆ ప్రేమకు సమయం మిగలలేదు. అందువలననే ఆ చిత్రం చూసిన ప్రేక్షకుడు షిగెను నిందించబోయి, తన తల్లిదండ్రులను తలచుకొని తలవంచుకుంటాడు. ప్రేక్షకులకు నచ్చాలనే ఆశను విడిచి, పాత్రలోని సత్యాన్ని మాత్రమే చూపటం హరుకో నటనలోని రహస్యం. 1954 నాటి 'బంగికు' చిత్రంలో ఆమె వడ్డీకి అప్పులిచ్చే మాజీ గెయిషా. పూర్వపు ప్రియుడు వస్తున్నాడని ముస్తాబై ఎదురుచూస్తుంది. అతడు వచ్చినది అప్పు కోసమని గ్రహించి, దాచుకున్న అతని ఛాయాచిత్రాన్ని మౌనంగా కాల్చివేస్తుంది.

కళాజీవితంలో ఆమెకు అతి కఠినమైన పరీక్ష 1963లో ఎదురైంది. ఆ సంవత్సరం జనవరిలో బుంగకుజాకు చెందిన 29 మంది హఠాత్తుగా సమాజాన్ని వీడి, ఫుకుదా త్సునెయారి నాయకత్వంలో మరొక సమాజాన్ని స్థాపించారు. వారిలో సంస్థాపకుడైన కిషిదా కుమార్తె, నటి కిషిదా క్యోకో కూడ ఉన్నారు. ఆ గాయం మానకముందే అదే సంవత్సరాంతంలో మరొక వివాదం చెలరేగింది. మిషిమా యుకియో రచించిన ఒక కొత్త నాటకంలోని రాజకీయ భావాలను కొందరు నటులు అంగీకరించలేకపోయారు. ప్రదర్శన నిలిచిపోయింది. ఆగ్రహించిన మిషిమా పత్రికాముఖంగా సమాజాన్ని విమర్శించి వైదొలగారు. మరికొందరు నటులు ఆయన వెంట నడిచారు. ఒక నాటకాన్ని అందులోని అభిప్రాయాల కారణంగా ఆపటం న్యాయమా, మనసు అంగీకరించని మాటలను నటుడు పలకటం న్యాయమా అని ఆనాడు జరిగిన చర్చ ఈనాటికీ తేలలేదు. వెళ్ళినవారి దృష్టిలో సమాజం దెబ్బతినటానికి హరుకో ఏకచ్ఛత్రాధిపత్యం కూడ ఒక కారణం. ఆమె మాత్రం మిగిలినవారిని కూడగట్టుకొని, కొత్తవారికి శిక్షణ ఇస్తూ, ఊరూరా నాటకాలు ఆడుతూ బుంగకుజాను నిలబెట్టారు. భర్త లేని ఇంటిని, వ్యాపారాన్ని ఒంటరిగా మోసిన కెయి పాత్ర, ఆమె నిజజీవితంలో కూడ ఎదురైనట్లయింది.

వార్ధక్యం ఆమెను రంగస్థలానికి దూరం చేయలేదు. 1995లో విడుదలైన 'గోగో నో యుయిగోంజో' చిత్రంలో ఆమె ప్రధాన పాత్ర పోషించారు. దర్శకుడు షిందో కనెతో కూడ హిరోషిమా ప్రాంతంవారే. వేసవి విడిదికి వెళ్ళిన వృద్ధ నటి కథ అది. ఒకప్పుడు తనతో కలసి నటించి, ఇప్పుడు జ్ఞాపకశక్తిని కోల్పోయిన స్నేహితురాలు ఆమెను చూడటానికి వస్తుంది. అన్నీ మరచిన ఆ స్నేహితురాలికి చెహోవ్ నాటకంలోని మాటలు మాత్రం గుర్తున్నాయి. ఆ చిత్రంలో హరుకోతో పాటు నటించిన ఒతొవా నొబుకో, దర్శకుని భార్య, అప్పటికే తీవ్ర వ్యాధితో బాధపడుతూ, చిత్రం విడుదలకు ముందే 1994 డిసెంబరులో మరణించారు. కథలోని వృద్ధ నటి ఇంటిపేరు మొరిమోతో కావటం, 'ఒక స్త్రీ జీవితం' నాటకకర్తను ఎరిగినవారికి మనసును తాకే విషయం.

అదే 1995లో జపాను ప్రభుత్వం ఆమెకు 'సంస్కృతి పతకం' ప్రకటించదలచింది. ఆ దేశంలో కళాకారులకు, పండితులకు లభించే అత్యున్నత గౌరవం అది. చక్రవర్తి స్వయంగా ప్రదానం చేస్తారు. హరుకో దానిని వినయంగా నిరాకరించారు. పతకాన్ని మోస్తూ వేదిక ఎక్కటం తనకు ఇష్టం లేదనీ, ఇంకా నటిగా పనిచేస్తూ ఉండటమే తన కోరిక అనీ ఆమె భావం. అప్పటికి ఆమెకు 89 సంవత్సరాలు. ఆ వయస్సులో కూడ తన పని పూర్తికాలేదని అనుకోగలగటమే ఆమె గొప్పతనం.

1997 ఏప్రిల్ 4వ తేదీన, 91 సంవత్సరాల వయస్సులో, సుగిమురా హరుకో టోక్యోలో దివంగతులైనారు. కెయి పాత్రను తరువాతి తరం నటీమణులు ధరించారు. యొమియురి వార్తాపత్రిక ఇచ్చే నాటక పురస్కారాలలో, కొత్తగా వికసిస్తున్న కళాకారులకు ఇచ్చే బహుమతికి ఆమె పేరు పెట్టారు. సంగీత పరీక్షలో రెండుసార్లు ఓడిన యువతి, యాస కారణంగా మాటలకు నోచుకోని నటి, తన పేరున యువ కళాకారులు బహుమతి అందుకునే స్థాయికి ఎదిగారు. ఎవరూ ఆమెకు ఆ దారి చూపలేదు. తాను ఎంచుకున్న బాటలో చివరివరకు నడిచారు, అంతే!

కఠిన పదాలకు అర్థాలు

అసువులు బాయు = ప్రాణాలు విడుచు
ఆద్యురాలు = మొదటి స్త్రీ, ప్రారంభించినది
దక్షత = నేర్పు, సామర్థ్యం
శిథిలాలు = కూలిన కట్టడపు అవశేషాలు
దిగ్భ్రాంతి = దిక్కు తోచని ఆశ్చర్యం
మైలదుస్తులు = చావు సందర్భంలో ధరించే బట్టలు
ఏకచ్ఛత్రాధిపత్యం = ఒక్కరి పెత్తనమే సాగటం
వార్ధక్యం = ముసలితనం
దివంగతులు = స్వర్గస్థులు

అభ్యాసం

I. వ్యాసరూప సమాధాన ప్రశ్నలు

1. సుగిమురా హరుకో రంగస్థల జీవితాన్ని వివరించండి.
2. 'టోక్యో కథ' చిత్రంలోని షిగె పాత్రను విశ్లేషించి, హరుకో నటనలోని ప్రత్యేకతను తెలపండి.

II. సంక్షిప్త సమాధాన ప్రశ్నలు

1. జపాను రంగస్థలంపై స్త్రీల స్థానాన్ని గురించి రాయండి.
2. కెయి పాత్రను పరిచయం చేయండి.
3. 'ఒక స్త్రీ జీవితం' నాటకం కాలానుగుణంగా ఎట్లా మారింది?
4. 1963లో బుంగకుజా ఎదుర్కొన్న సంక్షోభాన్ని వివరించండి. నాటక ప్రదర్శనను నిలిపివేయటంపై మీ అభిప్రాయం తెలపండి.

III. ఏకవాక్య సమాధాన ప్రశ్నలు

1. హరుకో ఎక్కడ జన్మించారు?
2. 'షింగేకి' అనే మాటకు అర్థం ఏమిటి?
3. 'బుంగకుజా' ఏ సంవత్సరంలో స్థాపితమైంది?
4. కెయి పాత్రను హరుకో ఎన్ని పర్యాయాలు ధరించారు?
5. ఒజు యసుజిరో చిత్రాలు ఎన్నింటిలో హరుకో నటించారు?

IV. సందర్భ సహిత వ్యాఖ్యలు

1. "నాడు ఎత్తుకున్న ఆ బరువును ఆమె అరవై సంవత్సరాలు దించలేదు."
2. "ఆ ప్రేమకు సమయం మిగలలేదు."
3. "మారనిది కెయి పాత్ర, ఆ పాత్రలోని హరుకో."

V. సంధులు

యుద్ధానంతరం = యుద్ధ + అనంతరం – సవర్ణదీర్ఘ సంధి
అత్యున్నత = అతి + ఉన్నత – యణాదేశ సంధి
ఊరంతా = ఊరు + అంతా – ఉత్వ సంధి

VI. సమాసాలు

తల్లిదండ్రులు – తల్లియును, తండ్రియును – ద్వంద్వ సమాసం
అగ్నివర్షం – అగ్ని అనెడి వర్షం – రూపక సమాసం
కళాజీవితం – కళ యందలి జీవితం – సప్తమీ తత్పురుష సమాసం
రెండు శతాబ్దాలు – రెండు సంఖ్య గల శతాబ్దాలు – ద్విగు సమాసం